ఏరు దాటిన శాసనసభ్యుడు

వాక్కునకు సత్యమే భూషణమని తెలిపిన వాగ్దేవికి మ్రొక్కి, ఐర్లండు శాసనసభ్యుడు ఫింటన్ సిగ్గుపడిన కథ చెప్పుచున్నాను.

తన సీమలో ఎవరు మరణించినను వెళ్లి, కన్నీరు కార్చి, ఓట్లు మూటగట్టుకొనుట అతని రాజకీయము. ఒకనాడు నోరా అను పేదరాలి భర్త శవపేటిక చెంత నిలిచి, "నాకు తోడబుట్టినవాడమ్మా!" అని వాపోయెను.

"అయితే పేటికకు ముందు భుజం మీరే పట్టాలి బాబూ! మా ఆచారంలో అది అన్నదమ్ములదే" అనెను నోరా.

జనము చూచుచుండగా కాదనలేక భుజము పట్టెను. సమాధులతోట ఏటికి ఆవల నున్నది. ప్రతి ఎన్నికలోను అతడు మాట యిచ్చిన వంతెన మాత్రము లేదు. నడుము ముంచిన చలినీట ఫింటన్ కాళ్లు వణికెను.

"మెల్లగా బాబూ! మీరిచ్చిన వంతెన ఇదే. జారి, మీ తమ్ముణ్ణి తడపకండి" అని వెనుకనుండి నోరా పలికెను.

ఫింటన్ తల యెత్తలేకపోయెను. అతని తొలి నిజమైన కన్నీరు ఆ ఏటిలో కలిసెను. మరుసటి యేడు అచ్చట వంతెన లేచెను.

ఈ కథ విన్నవారెల్లరు తడవని పాదములతో తమ తమ ఏరులు దాటుదురు గాక!