కొండముచ్చు కట్టిన దోటి

అనగనగా ఒక వెదురు అడవి. అందులో ఒక వాగు. వాగు ఒడ్డున ముళ్లకంచె వేసుకుని కుందేళ్లు కాపురం ఉండేవి.

ఒకరోజు కుందేళ్ల పెద్ద పోలవ్వ, గండన్న అనే కొండముచ్చును పిలిచింది.

"నాయనా, అడవిపిల్లి ఈ చుట్టుపక్కల తిరుగుతోందట. అది రాకముందే నువ్వు దొంగలా వచ్చి చూడు. కంచె ఎక్కడ వదులుగా ఉందో మాకు చెప్పు" అంది.

గండన్న పొంగిపోయాడు. కంచె కొమ్మలను దూరం నుంచే లాగడానికి మూడు వెదురుకర్రలు కలిపి పెద్ద దోటి కట్టాడు. అడవితీగతో ముడి మీద ముడి, దాని మీద ఇంకో ముడి వేశాడు. అందం కోసం చివర ఎండుకాయల గుత్తులు వేలాడదీశాడు.

"ఈ ముడులు ఊడితే మళ్లీ ఎవరు కడతారు?" అని పోలవ్వ అడిగింది.

"నేను తప్ప ఇంకెవరూ కట్టలేరవ్వా!" అన్నాడు గండన్న గర్వంగా.

గండన్న కంచె దగ్గరికి వచ్చి దోటి ఎత్తగానే కాయలు గలగలమన్నాయి. కాపలా కుందేళ్లు ఎగిరి లేచి, "దొరికావు! దొరికావు!" అని నవ్వాయి.

పోలవ్వ నవ్వలేదు. "పిల్లి ఇలా చప్పుడు చేస్తూ రాదు కదా నాయనా. ఆ కాయలు తీసేసి, మాకు తెలియకుండా మళ్లీ రా" అంది.

గండన్న కాయలు పీకబోతే తీగ పుటుక్కున తెగింది. కర్రలు మూడూ విడిపోయాయి. ఏ ముడి ఎలా వేశాడో అతనికే గుర్తు రాలేదు. ఎంత కట్టినా నిలవలేదు. ఆ మాట చెప్పడానికి సిగ్గేసింది. మర్నాడు వెళ్లి, "మీకు తెలియకుండా వచ్చి అంతా చూశానవ్వా. కంచె గట్టిగానే ఉంది" అనేశాడు.

కుందేళ్లు నమ్మాయి. కాపలా కూడా తగ్గించుకున్నాయి.

మూడోనాడు మిట్టమధ్యాహ్నం అడవిపిల్లి వాగువైపు నుంచి వచ్చింది. ఒక్క ఆకు కూడా కదల్లేదు. వదులుగా ఉన్న కొమ్మను పంజాతో పక్కకు జరిపి, సన్నక్క అనే కుందేలి చిన్నకూనను నోట కరుచుకుపోయింది.

కుందేళ్లన్నీ వెంట రాగా సన్నక్క గండన్న దగ్గరికి వచ్చింది. తిట్టలేదు. "చూశానన్నావు కదా అన్నా?" అని మాత్రం అడిగింది.

గండన్న రెండు చేతుల్లో ముఖం దాచుకున్నాడు. "చూడలేదమ్మా. దోటి ఊడిపోయింది. చెప్పడానికి సిగ్గుపడి అబద్ధం ఆడాను" అన్నాడు అందరి ముందూ.

పోలవ్వ కళ్లు తుడుచుకుంది. "మిగిలిన పిల్లలైనా బతకాలి. మళ్లీ కట్టు నాయనా" అంది.

ఈసారి గండన్న మామూలు ముడులే వేశాడు. ఊడితే ఎవరైనా కట్టుకోవచ్చు. చిన్న కుందేళ్లకు కూడా అవి నేర్పాడు. కాయల జోలికే పోలేదు. కాపలా కుందేలు పక్కనుంచే కంచె తెరిచి లోపలికొచ్చినా ఎవరికీ తెలియలేదు. కంచెలో వదులుగా ఉన్న చోట్లన్నీ చూపించాడు. కుందేళ్లు వాటిని గట్టిగా మూసుకున్నాయి.

"భలే గండన్నా!" అని అందరూ మెచ్చుకున్నారు.

గండన్న తల ఎత్తలేదు. ఆ గుంపులో సన్నక్క కూడా ఉంది.

నీతి: మన కాపలాను పరీక్షించే పనిముట్టు, శత్రువు అడుగులాగే చప్పుడు లేకుండా ఉండాలి, పాడైతే ఎవరైనా బాగుచేసుకునేలా ఉండాలి. అది పాడైనప్పుడు, పాడైందని ఒప్పుకోవాలి.