కొసరు వాసనల గంజాయి

ఒకప్పుడు గంజాయి మొక్కకు వాసనే లేదు. ఆకు నలిపినా, కొమ్మ విరిచినా ముక్కుకు ఏమీ తెలిసేది కాదు.

సోకుకు మాత్రం తక్కువ లేదు. ఏడేసి వేళ్ళున్న ఆకులు చాపి గాలికి ఊపుతూ, "చూశారా నా అందం!" అని మురిసిపోయేది. పచ్చపురుగులు చూశాయి. చూసి, సుబ్బరంగా తిన్నాయి. పూత రాకముందే మోడు. రెండేళ్ళు వరసగా ఒక్క గింజ నేల రాలలేదు. ఈ ఏడూ రాలకపోతే ఆ కొండమీద గంజాయి అన్నదే ఉండదు.

"వాసనుంటే పురుగు దగ్గరికి రాదు కదా" అనుకుంది గంజాయి. మంచి ఆలోచనే! అక్కడితో ఆగితే మనకీ కథే లేదు.

అప్పట్లో మొక్కలు నడిచేవి. వాసన కావాలంటే, ఉన్నవాళ్ళ దగ్గరికి వెళ్ళి కుంచంతో కొలిపించుకోవాలి. వాసనతో పాటు దాని పనీ మోయాలి. అది అడవి కట్టుబాటు. కొలత అయ్యాక పైన చిటికెడు కొసరు వేసేవారు. కొసరుకు పనేమీ ఉండదు.

గంజాయి ముందు నిమ్మచెట్టు దగ్గరికి వెళ్ళింది.

"నిమ్మక్కా, నీ వాసన ఎంత హుషారే! కాస్త పెట్టు."

"కుంచెడు తీసుకో తల్లీ. దప్పికతో వచ్చినవాళ్ళకి కాయ ఇవ్వాలి మరి."

"అబ్బే, ఈ నాజూకు కొమ్మలకు కాయల బరువా? కొసరు చాలు."

నిమ్మచెట్టు నవ్వి చిటికెడు పడేసింది.

మామిడి చెట్టు కునుకు తీస్తోంది. "మావయ్యా, నీ వాసనకే నిద్రొచ్చేస్తోంది. కాస్త..."

"కుంచెడు పట్టుకెళ్ళు. నీడ ఇవ్వాలి, పిందెల కోసం పిల్లలు విసిరే రాళ్ళు ఓర్చుకోవాలి."

"రాళ్ళా! వద్దు మావయ్యా, కొసరు పెట్టు."

మామిడి ఆవలించి, చిటికెడు విదిలించి మళ్ళీ పడుకుంది.

ఆపైన మిరియాల తీగ. ఆవిడ మాటా ఘాటే.

"కొలత లేకుండా కొసరా? ఏ సంతలో నేర్చావే ఈ బేరం?"

"చిటికెడికి ఇంత రాద్ధాంతమా అత్తా?"

"చిటికెడు గురించి కాదే, నీ బుద్ధి గురించి! నా ఘాటుకు దగ్గొచ్చిన గొంతు తెలుసు, చారు మరిగే కుండ తెలుసు. తన పనేంటో తెలియని వాసన ఎవరి తలకెక్కితే వాళ్ళ గతేంటి?"

"ఎవరి తల ఏమైతే నాకేంటి? నా గింజ నిలిస్తే చాలు."

"ఆహా! ఎంత గొప్ప మాట! బండమీద చెక్కించు." మిరియాల తీగ మూతి తిప్పుకుంది. "ప్రాణం మీదికొచ్చింది కాబట్టి ఇస్తున్నా. పట్టు!"

గంజాయికి సిగ్గేం లేదు. దారిలో తులసి ఎదురైనా, ధనియం ఎదురైనా చెయ్యి చాపింది. తెచ్చినదంతా జిగురుతో పూగుత్తులకు పులుముకుంది. పురుగులు వచ్చాయి, ముక్కులు మూసుకుని పోయాయి. ఆ ఏడు గింజలు జలజలా రాలాయి.

"తెలివంటే ఇదీ!" అంది గంజాయి.

ఇంతలో ఇప్పపూలు దొరకని ఒక తల్లి ఎలుగు వచ్చి, ఆ పూగుత్తిని తెంపి నమిలేసింది.

ఎలుగు తలలో కొసర్లన్నీ లేచాయి.

"నవ్వు!" అంది నిమ్మ కొసరు. "పడుకో!" అంది మామిడి కొసరు. "పడుకుంటావేం, పరిగెత్తు!" అంది మిరియం కొసరు. ఎవరి పనేంటో ఎవరికీ తెలియదు, అరుపులు మాత్రం అందరివీ.

ఎలుగు పకపకా నవ్వింది. నవ్వుతూనే కూలబడింది. తన నీడనే చూసి జడుసుకుంది. పిల్లకి ఆకలేసి తన దగ్గరికొస్తే, "ఎవరే నువ్వు?" అంది.

మర్నాడు మత్తు దిగాక ఎలుగు తిన్నగా గంజాయి దగ్గరికొచ్చింది.

"నీలో నిమ్మ వాసనుంది, మామిడిదుంది, మిరియానిదుంది. నీదేది?"

గంజాయి ఆకులు ఊపింది.

"ఊపింది చాలు. జవాబు చెప్పు. నా పిల్లనే పోల్చుకోలేకపోయానే, నాకు నువ్వు పెట్టిందేంటి?"

గంజాయి పూగుత్తుల్ని ఆకుల చాటుకు లాక్కుంది. వాసన దాగితే కదా!

అప్పటినుంచే గంజాయిలో అందరి వాసనా కాస్త కాస్త ఉంటుంది, ఎవరిదీ నిండుగా ఉండదు. పురుగులు పక్కకు తప్పుకుంటాయి, నిజమే. కానీ అది తలకెక్కితే ఒకటి నవ్విస్తుంది, ఒకటి పడుకోబెడుతుంది, ఇంకోటి బెదరగొడుతుంది. నిమ్మను పెరట్లో నాటుకునేవాళ్ళు దీన్ని గడప దగ్గరికి రానివ్వరు. పోనీ ఏ కొండ మలుపులోనో నక్కుదామన్నా కుదరదు. అడుక్కొచ్చిన ఆ వాసనే గాలిమీద ముందు పరిగెత్తి, "ఇదిగో, ఇక్కడుంది!" అని ఊరంతా చాటింపు వేస్తుంది.