సూత్రయ్య వదులుకున్న మొదటి గుక్క

ఆ ఏడు ఎండలు అడవిని పీల్చి పిప్పి చేశాయి. వాగులన్నీ ఎండిపోయి, కొండ కింద బండల నడుమ ఒక్క మడుగు మిగిలింది. దానికి కాస్త ఇవతల, మద్దిచెట్ల నీడలో జంతువులు సభ తీర్చాయి. సభకు పెద్ద ఎలుగుబంటి. పెద్దరికం పేరుకే, మాట మాత్రం సూత్రయ్య అనే నక్కది.

ఈ సూత్రయ్య ఏదో ఊళ్లో పండితుడి అరుగు కింద తలదాచుకుని, పైన జరిగే తర్కపాఠాలన్నీ వంటబట్టించుకొచ్చాడట. వచ్చీ రాగానే ఒక కట్టుబాటు పెట్టించాడు. సభలో ఎవరేం చెప్పినా దానికో కారణం, ఒక పోలిక చూపాలి. చూపలేని మాట చెల్లదు. కట్టుబాటు చెడ్డదేమీ కాదు, దానివల్ల ఎన్నో తగవులు తీరాయి కూడా. చెడ్డదల్లా దాన్ని పట్టుకున్న చెయ్యి.

ఆ రోజు సభ మధ్యలో కాటుక అనే గేదె నిలబడింది. పక్కన దాని దూడ, దాహంతో నాలుక బయటపెట్టి.

"మడుగు దగ్గర చిరుత ఉంది పెద్దయ్యా," అంది కాటుక. "గాలి ఇటు తిరిగినప్పుడల్లా వాసన కొడుతోంది. నా వీపు మీద చర్మం దానంతటదే వణుకుతోంది. నా బిడ్డను అక్కడికి పంపను."

సూత్రయ్య తోక సర్దుకుని ముందుకొచ్చాడు. "కంగారు పడకు కాటుకమ్మా. చిరుత నడుస్తుందా, ఎగురుతుందా?"

"నడుస్తుంది."

"నడిస్తే అడుగు పడుతుందా?"

"పడుతుంది."

"మడుగు చుట్టూ బురదలో చిరుత అడుగు ఎవరైనా చూశారా?"

ఎవరూ చూడలేదు.

"అడుగు లేదు కాబట్టి నడక లేదు. నడక లేదు కాబట్టి చిరుత లేదు. లేనిదానికి వాసన ఎక్కడిది? పోలిక కావాలా? పూత లేని మామిడి కింద పండు వాసన వస్తుందా? అందుచేత, కాటుకమ్మా, నీకు వాసన రాలేదు."

"వస్తోందయ్యా, ఇప్పుడు కూడా వస్తోంది!"

"వస్తోందని అనుకుంటున్నావు. అది వేరు."

కాటుకకు ఒళ్లు మండిపోయింది. నా ముక్కులో ఉన్నది నా ముక్కులో లేదని చెప్పడానికి వీడెవడు? కొమ్ములు విసరబోయి ఆగింది. ఆగడానికి కారణం సభ చివర ఒంటరిగా నిలబడ్డ దుప్పి.

మొన్న దుప్పి కూడా ఇక్కడే నిలబడి ఇదే మాట చెప్పింది. సూత్రయ్య ఇలాగే ఓడించాడు. దాని పిల్ల నీళ్లకు వెళ్లి మళ్లీ రాలేదు. దుప్పి ఏడ్చుకుంటూ వస్తే, "చిరుతే లేనప్పుడు చిరుత తినడమేమిటి? తప్పిపోయి ఉంటుంది," అని సూత్రయ్య దానికీ కారణం చూపాడు. అందరూ తలలూపారు. కాటుక కూడా ఊపింది. ఆ సంగతి గుర్తొచ్చి, నక్క మీద వచ్చిన కోపంలో సగం తన మీదికే మళ్లింది.

"సూత్రయ్య గెలిచాడు," అన్నాడు ఎలుగు.

నీళ్ల తగువులో గెలిచినవాడు ముందుగా వెళ్లి మొదటి గుక్క తాగాలి. అది సూత్రయ్య రాకముందు నుంచీ ఉన్న ఆచారం. సూత్రయ్య వినయంగా తల వంచాడు.

"మొదటి గుక్క నాదే. కానీ పసివాళ్ల దాహం ముందు నా దాహమెంత? నా వంతు కాటుకమ్మ దూడకిస్తున్నాను."

"ఎంత మర్యాద! ఎంత దయ!" అని కోతులు మెచ్చుకున్నాయి. దూడ ఆశగా అడుగు ముందుకేసింది. కాటుక అడ్డంగా నిలబడింది.

"ఆగు సూత్రయ్యా. మొన్న దుప్పి పిల్లకూ ఇలాగే ఇచ్చావు కదూ? అంతకుముందు పంది పిల్లకు, అదీ తిరిగి రాలేదు. గెలిచిన ప్రతిసారీ వదులుకున్నావు. ఒక్కసారైనా నువ్వు తాగావా?"

"ఇచ్చినవాడికి ఇదా మర్యాద?"

"నీ మర్యాద నాకక్కర్లేదు. గెలిచావు, వెళ్లి తాగు."

"నాకు దాహం లేదు."

"నాలుక నేలకు తగులుతోంది నాయనా," అంది చెట్టు మీద నుంచి ఒక ముసలి కోతి.

ఎలుగు గొంతు సవరించుకున్నాడు. "నువ్వు పెట్టిన కట్టుబాటుకు మేమంతా తలొగ్గాం సూత్రయ్యా. పాత ఆచారానికి నువ్వూ తలొగ్గు. పద."

సూత్రయ్య కదిలాడు. వెనక కాటుక కొమ్ములు, ఆ వెనక గేదెలు, పందులు. మడుగు గట్టు దాకా వెళ్లాక నీటి మీంచి గాలి ఎదురుగా వీచింది. సూత్రయ్య మేకు కొట్టినట్టు ఆగిపోయాడు. మెడ నుంచి తోక దాకా వెంట్రుకలు నిక్కబొడుచుకున్నాయి.

"ఏమైంది?" అంది కాటుక.

"ఏం లేదు. గాలికి..."

"ఎదురుగాలికి వెంట్రుకలు వెనక్కి పడుకోవాలి. నీవి లేచి నిలబడ్డాయి. నీ పద్ధతిలోనే చెప్తా, విను. చిరుత లేకపోతే వాసన లేదన్నావు. వాసన లేకపోతే నీకు బెదురుండదు. బెదురు లేకపోతే వెంట్రుక లేవదు. లేచింది! ఇప్పుడు ఇక్కణ్ణుంచి వెనక్కి లెక్కగట్టుకుంటూ వెళ్లు. ఎక్కడ తేలుతావో నువ్వే చెప్పు."

"కానీ అడుగు లేదు కదా," అన్నాడు నక్క నీరసంగా.

"బురదలో లేదు. బండ మీద అడుగు పడుతుందా? ఎప్పుడైనా మడుగు పక్కనున్న ఆ బండ ఎక్కి చూశావా?"

చూడకేం? రోజూ చూస్తూనే ఉన్నాడు ఆ దొంగ వెధవ! బండ మీద కాపు కాసే చిరుత తిని వదిలేసిన ఎముకలు నాకుతూనే కదా, ఇంత ఎండల్లోనూ నున్నగా బలిశాడు!

కాటుక ఒక్కడుగు ముందుకేసింది. కొమ్ముతో ఒక్క నెట్టు నెట్టింది. సూత్రయ్య జారుతూ వెళ్లి మడుగు అంచున పడ్డాడు. పైన బండ మీద గుర్రుమన్న చప్పుడు. కడుపు కాలుతున్న చిరుతకు దూడైనా ఒకటే, నక్కైనా ఒకటే.

"చిరుత! చిరుత! కాపాడండి!"

"కారణం చెప్పు సూత్రయ్యా!" అని అరిచింది కాటుక. "పోలిక చెప్పు!"

"కారణమేమిటే నీ మొహం! కళ్లకు కనిపిస్తుంటే!"

"మేము చెప్పిందీ అదేరా!"

చిరుత దూకింది. సూత్రయ్య తోక దాని నోట్లోనే ఉండిపోయింది, మిగతా సూత్రయ్య కుయ్యోమంటూ పొదల్లో పడి పరుగెత్తాడు. గేదెలూ పందులూ ఒక్కుమ్మడిగా మీదికి ఉరికేసరికి చిరుత కూడా కొండెక్కి అవతలికి దిగిపోయింది. ఆ అడవిలో ఆ ఇద్దరి మొహం మళ్లీ ఎవరూ చూడలేదు.

అప్పుడు దుప్పి ముందుకొచ్చింది. పాలతో బిగిసిన దాని పొదుగు ఇంకా తగ్గలేదు.

"ఇప్పుడు చెప్పండి," అంది. "నా బిడ్డ తప్పిపోయిందా?"

ఎలుగు తల దించుకున్నాడు. కోతులు కొమ్మల వెనక్కి జరిగాయి. చివరకు కాటుకే అంది, "లేదు తల్లీ. నీ బిడ్డను చంపారు. నువ్వు ముందే చెప్పావు. నేను తలూపాను."

"ఊపావు," అంది దుప్పి. వంగి, మొదటి గుక్క తాగింది. ఎవరూ అడ్డు చెప్పలేదు.

కారణమూ పోలికా అడిగే కట్టుబాటును సభ ఎత్తేయలేదు. కాకపోతే వాటికంటే ముందు, "నీకేం కనిపించింది, నీ ఒంటికేం తెలిసింది?" అని అడగడం మొదలుపెట్టింది.

నీతి: ఒళ్లెరిగిన మొదటి మాటను కొట్టిపారేసి కట్టిన తర్కం ఎంత నిక్కచ్చిగా ఉన్నా, దాని ఖరీదు ఎవరి బిడ్డో చెల్లించాల్సి వస్తుంది.