వీపు మీద దాటిన ఏరు

ఒక్కటి అడుగుతాను, మొహమాటపడకుండా జవాబు చెప్పండి. పిలవకుండా మీ ఇంట్లో జొరబడి, మీ మంచమెక్కి పడుకుని, "భయపడకు, నిన్ను కాపాడటానికే వచ్చాను" అన్నవాణ్ణి మీరేమంటారు? చుట్టం అంటారా? అయితే ఈ కథ ముఖ్యంగా మీకే.

ఏటి నడుమ ఒక లంక ఉండేది. దానికి ఒక పక్క చిన్నపాయ, ఆ అవతల తోడేళ్ళ రాతిగుట్టలు. ఇంకో పక్క పెద్దపాయ, ఆ అవతల లేళ్ళూ దుప్పులూ కాపురముండే పెద్దడవి. తెల్లవారుతుంటే నీళ్ళ మీంచి పొగ లేచి లంక చుట్టూ కమ్ముకునేది. అప్పుడు నేల ఏదో నీరేదో తెలిసేది కాదు. రెల్లు నిద్రలో మాట్లాడుతున్నట్టు గొణిగేది. అక్కడ నిద్ర లేచినవాళ్ళు కూడా కాసేపు కలలోనే తిరిగేవాళ్ళు.

ఆ ఎండాకాలం చిన్నపాయ ఇంకిపోయింది. అలాంటి పొగలోనే ఒకరోజు తోడేళ్ళు తడి ఇసుక మీద నడిచొచ్చాయి. ఒకదాని అడుగులో ఒకటి అడుగేస్తూ, చప్పుడు లేకుండా. పొగ విడిపోయేసరికి రాజ్యం మారిపోయింది.

తోడేళ్ళ నాయకుడు కోరదొర ఇసుకదిబ్బ ఎక్కాడు. "ఈ లంక మా తాతలది. మీకు తెలియక ఇన్నాళ్ళూ మీదనుకున్నారు. తప్పు లేదు, క్షమించాం. రేపట్నుంచి పిట్టలు కూయకూడదు, ఊళ వెయ్యాలి. మా సెలవు లేకుండా ఎవరూ పాయ దాటకూడదు."

మర్నాడు పిచ్చుకలు ఊళ వేశాయి. ఆ ఊళ విని తోడేళ్ళకే నవ్వొచ్చింది. నవ్వితే దొర ఏమంటాడోనని బిగబట్టుకున్నాయి.

లంకలో ఒక్కడికి మాత్రం ఊళ బాగా కుదిరింది. వాడు గుంటన్న అనే నక్క. రెండో రోజుకే దొర పక్కన కూర్చుని తలాడించడం మొదలుపెట్టాడు.

కోరదొరకు కావలసింది లంక కాదు, పెద్దడవి. లంక గడప మాత్రమే. ఎగువన వానలు పడ్డాయనీ, ఏటికి ఎర్రనీరు వస్తోందనీ తెలిశాక అతనికి తొందర పుట్టింది. ఒక సాయంత్రం కాటుక అనే గేదెను పిలిపించాడు. ఆమె దూడ బొట్టును అప్పటికే రెండు తోడేళ్ళ మధ్య నిలబెట్టారు.

"ఏమే, మేం రాకముందు రోజూ పెద్దపాయ దాటి మేతకు పోయేదానివట. రేపు పొద్దెక్కేలోగా నడిచి దాటే రేవు ఎక్కడో చెప్పాలి. చెప్పకపోతే నీ దూడ నాకు ఫలహారం."

కాటుక దూడ వంక చూసింది, దొర వంక చూడలేదు. "రేపు చెబుతాలే దొరా" అని వచ్చేసింది.

దారిలో తీతువు పిట్ట తీతమ్మ ఎదురొచ్చింది. "అక్కా, మోకాలి లోతేనని చెప్పెయ్. వాళ్ళే దిగి మునిగి చస్తారు."

"అలా చెబితే, 'సరే, నువ్వూ నీ దూడా ముందు దిగండి' అంటాడు. అప్పుడేం చెయ్యను? దూడకింకా ఈత రాదు."

"మరేం చెబుతావు?"

"నిజం చెబుతాను."

"నీకు మతి పోయిందా అక్కా?"

"మన మాట అబద్ధమని ముందే తీర్పు చెప్పుకున్నవాడికి నిజాన్ని మించిన మందు లేదే. నేను లోతంటే గుంటన్న ఊరుకుంటాడా? వాడు రోజూ నా వీపెక్కి అడవిగట్టుకు వచ్చేవాడు. మొదట్లో కబుర్లు చెప్పేవాడు, నాకూ పొద్దుపోయేది. తర్వాత తర్వాత ఎక్కగానే కునుకు తీసేవాడు. ఈ గట్టున కళ్ళు మూసి ఆ గట్టున తెరిచేవాడికి నేను నడిచానో ఈదానో ఏం తెలుసు?"

తీతమ్మ ఇంకా దగ్గరకు గెంతింది. "వాడు నోరు మూసుకుంటే?"

"దొర పక్కన కూర్చున్నాక నోరు మూసుకున్న నక్కను నువ్వెప్పుడైనా చూశావా?" అంది కాటుక. అంది గానీ ఆ రాత్రి నెమరు వెయ్యలేకపోయింది.

పొద్దున పొగలో అందరూ పెద్దపాయ ఒడ్డున చేరారు.

"లోతు దొరా" అంది కాటుక. "నడుమ సుడి ఉంది. నీకు గానీ నీ వాళ్ళకు గానీ కాళ్ళు అందవు. దిగొద్దు."

గుంటన్న పకపకా నవ్వాడు. "వదినె అబద్ధం కూడా నెమ్మదిగానే ఆడుతుంది. దొరా, ఈ పాయ నేనెన్నిసార్లు దాటానో లెక్క లేదు. ఒక్కసారైనా పాదం తడిస్తే ఒట్టు. ఆ అడవివాళ్ళు ఈమెకు చుట్టాలు, అదీ సంగతి."

"గుంటన్నా, తొందరపడకు" అంది కాటుక.

ఆ మాటతో దొరకు అనుమానం తీరిపోయింది. "నువ్వూ నీ దూడా ఇక్కడే ఉండండి. వచ్చాక మీ పని చెబుతా. నక్కా, దారి చూపించు."

గుంటన్న నీళ్ళ అంచుదాకా వెళ్ళి ఆగాడు. ఎర్రనీరు గోళ్ళకు తగిలింది. చల్లగా ఉంది. ఈ సంగతి వాడికి కొత్త. "దొరా, ఎత్తున కూర్చుంటే దారి బాగా కనిపిస్తుంది" అని దొర వీపెక్కాడు.

దూడ కాపలాకున్న రెండూ తప్ప తోడేళ్ళన్నీ వెనక బారు తీరాయి. తల దించి ముందువాడి అడుగు చూడటమే వాటి నడక. తల ఎత్తే అలవాటు లేదు. నీరు మోకాళ్ళు దాటింది, పొట్ట తాకింది.

"నక్కా, లోతు పెరుగుతోందేం?"

గుంటన్నకు నిద్రలో తెలిసిన ఊపు ఒకటి గుర్తొచ్చింది. "నడిమికొచ్చాక కాస్త ఊగుతుంది దొరా. ఎప్పుడూ అంతే. నాకైతే హాయిగా ఉండేది."

ఊగింది. సుడి దొరను ఎండుటాకులా తిప్పింది. వెనకవాడు ముందువాడి అడుగు కోసం చూశాడు. అడుగు లేదు, నీరుంది. పొగలో తలలు ఒక్కొక్కటే దిగువకు సాగిపోయాయి. ఊళ కాదు, కూత కాదు, బుడబుడమని చప్పుడు మాత్రం వచ్చింది. ఏరు వాళ్ళను రెండు పాయలూ కలిసే దిగువన, వాళ్ళ గుట్టల పక్కనే, ఒళ్ళు హూనం చేసి ఒడ్డుకు విసిరేసింది. దూడ కాపలాకు మిగిలిన రెండూ చిన్నపాయలోకి కూడా నీరొస్తోందని చూసి, దూడను వదిలి, అది నిండకముందే లగెత్తాయి. తోడేళ్ళ రాజ్యం ఒక పుచ్చకాయ పండినంత కాలం కూడా నిలవలేదు.

బొట్టు వచ్చి తల్లి పొదుగులో మూతి పెట్టింది. పిచ్చుకలు కూశాయి, కొంచెం బొంగురుగా.

గుంటన్న ఒక దుంగ పట్టుకుని లంక కొసకు కొట్టుకొచ్చాడు. తోడేళ్ళకు తను ద్రోహి, లంకకు అంతకన్నా ద్రోహి. వణుకుతూ కాటుక దగ్గరకు చేరాడు. "వదినా, నన్ను ఆ అడవిగట్టున దింపేద్దూ. ఎటో పోయి బతుకుతాను. ఎక్కమంటావా?"

కాటుక తోకతో ఈగను తోలుకుంది. "దిగు నాయనా. నీళ్ళు నీకు తెలిసినవే కదా."

ఎక్కి దాటినవాడికి ఏటి లోతు తెలియదు.

వింటున్నవాళ్ళు ఊరికే తలాడించి లేచిపోకండి. రేపు మీ ముందు నిలబడి "దారి నాకు తెలుసు, నా వెంట రండి" అని ఎవరైనా అంటే, వాడి మాట తర్వాత వినండి. ముందు వాడి పాదాలు చూపించమనండి. అవి ఎప్పుడూ తడవని పాదాలైతే, అక్కడే, అందరూ వినేలా, "మేం రాము" అని చెప్పండి.