అలుగు పొట్ట కింది ముద్ర

అనగనగా, ఎండలు ముదిరితే ఏరు కూడా నోరెండిపోయే ఒక కోనలో, ఒళ్లంతా పెంకులతో ఒక అలుగు ఉండేది.

ఆ కోనను ఏలే ఎలుగురాజు కరువుకాలానికని అందరి ఇప్పపూలూ, తేనే ఒక గుహలో దాయించాడు. తన ముద్ర పడిన ఆకు చూపిస్తేనే గుహకు కాపలా ఉన్న ఏనుగు అడ్డుబండను పక్కకు జరపాలన్నాడు. ఆ ముద్రను అలుగుకు అప్పగించాడు.

"ఎవరొచ్చినా ఆకు మీద రాసింది పైకి చదివి, ఒక్కరి వాటా మించకపోతే ముద్ర వేసివ్వు. ముద్రను మాత్రం ఎవరికీ ఇవ్వకు. నాకైనా సరే!"

అలుగు ముద్రను పొట్ట కింద పెట్టుకుని ఉండచుట్టుకుంది. తిండి కావలసినవాళ్లు, ఎంత కావాలో రాసిన ఆకును దాని పెంకుల సందులోంచి లోపలికి తోసేవారు. అది పైకి చదివి, లోపలే ముద్ర వేసి, ఆకును బయటికి తోసేది. పిల్లలూ, మీ బాబాయి క్రిప్టో సొమ్ము, అదే కంప్యూటర్లో తిరిగే డబ్బు, కోసం దాచుకునే బుల్లి పెట్టె ఉందే, దాని పద్ధతీ ఇదే. తాళంచెవి లోపలే, సంతకం మాత్రం బయటికి!

అందరూ ఏటి ఒడ్డున ఆడుకుంటుంటే అలుగు వెళ్లేది కాదు. "అలుగు అలిగిందోయ్!" అని కుందేళ్లు ఆటపట్టించేవి. పాపం, అది అలగలేదు. దానికీ వెళ్లాలనే ఉండేది. పెంకుల లోపల ఒంటరిగా కళ్లనీళ్లు పెట్టుకునేది.

ముందు నక్క వచ్చింది. "అలుగన్నా, ముద్రకు మసి పట్టి ఉంటుంది. ఇటివ్వు, కడిగి తెస్తా."

"ఆకు ఉంటే ఇవ్వు నక్కబావా. ముద్ర బయటికి రాదు."

తర్వాత చిరుత వచ్చింది. "దొప్పెడు తేనె అని రాశాలే. చదవక్కర్లేదు, వేసెయ్!"

అలుగు గొంతెత్తి చదివింది. "గుహలో ఉన్నదంతా చిరుతకే!" చిరుత తోక ముడిచింది.

మూడోసారి పునుగుపిల్లి వచ్చింది. ఆకు తేలేదు. ఊరికే కూర్చుని కబుర్లు చెప్పింది. మర్నాడూ వచ్చింది. చలికాలమంతా వచ్చింది. అలుగు దాని అడుగుల చప్పుడు కోసం ఎదురుచూడసాగింది.

ఒకనాడు పునుగు అంది. "నేస్తం, ఒక్కసారి ముద్ర చూపించు. మనలో మనకు దాపరికమేమిటి? చూపించకపోతే నేనిక రాను."

అలుగు ఇంకాస్త గట్టిగా ఉండచుట్టుకుంది. చూసినవాళ్లు బంకమట్టితో అచ్చం అలాంటిదే చేయగలరని దానికి తెలుసు.

"నువ్వు రాకపోతే నాతో మాట్లాడేవాళ్లే లేరు. అయినా చూపించను" అంది.

పునుగు మళ్లీ రాలేదు.

ఎండాకాలం వచ్చింది. ఏరెండింది. ఒకరోజు సందులోంచి ఒక ఆకు వచ్చింది. "పిల్లలు పస్తు. దొప్పెడు ఇప్పపూలు" అని అలుగు చదివింది. ఆకు నిండా పునుగు వాసన.

ఏమీ అడగకుండా ముద్ర వేసి ఇచ్చింది. ఒక్క మాటైనా వినబడుతుందేమోనని చెవి ఒగ్గింది. పునుగు సిగ్గుతో తల వంచుకుని, ఆకు నోట కరుచుకుని వెళ్లిపోయింది.

ముద్ర ఎవరి చేతికీ చిక్కలేదు కాబట్టి గుహ నిండుగా ఉంది. ఆ పూట పునుగు పిల్లలు కడుపారా తిన్నాయి.

అందుకే, అడిగినవాళ్లకు పని చేసిపెట్టు. ఆ పని నడిపే రహస్యాన్ని మాత్రం ప్రాణమిచ్చే నేస్తం చేతిలోనైనా పెట్టకు.