సగం పంచాంగం, పూర్తి చదరంగం

చిన్న కథ, మీ కాఫీ చల్లారేలోగా అయిపోతుంది. గుమ్మడిదుర్గం రాజు ఉద్దండ భూపతి గురించి. ఆ వంశంలో భోజనం గంట మోగితే ఏ పనైనా అక్కడే ఆగుతుంది. తాతగారు కోటకు మూడు గోడలు కట్టించి భోజనానికి లేచారు. నాలుగోది ఇప్పటికీ లేదు. శత్రువులు మర్యాదస్తులు, ముందువైపు నుంచే వస్తారు. సరే, కథలోకి వద్దాం.

రాజుగారికి చదరంగం మీద మనసైంది. ఆస్థానంలో ఉన్నది ఒకటే కంప్యూటరు, అది చదరంగం ఎక్కించుకోనంది. "పంచాంగం ఇన్‌స్టాల్ సగంలో ఉంది, ముందు దాని సంగతి చూడండి" అంది. పోనీ పంచాంగాన్ని తీసేద్దామంటే, "అది ఇక్కడ లేదు, లేనిదాన్నెలా తీస్తాను" అంది.

ఆస్థాన యంత్రవేత్త విరూపాక్షం మూడు రోజులు గడ్డం గోక్కుని తేల్చాడు.

"మొత్తం చెరిపేయడమే ప్రభూ."

పెళ్ళిళ్ల పేరయ్య పానకాలుకు నోట్లో తాంబూలం చేదైంది. ముప్ఫై ఏళ్లుగా పోగేసిన జాతకాలన్నీ ఆ పెట్టెలోనే ఉన్నాయి. అవి పోతే అతని బతుకుతెరువు పోయినట్టే.

"ఒక్క పూట నాకివ్వండి ప్రభూ."

"ఇది పెళ్ళి సంబంధం కాదు పానకాలూ, కంప్యూటరు," అన్నాడు విరూపాక్షం.

"మీకు రెండూ కుదరలేదుగా."

యాభై దాటిన బ్రహ్మచారి విరూపాక్షం పైకప్పు చూశాడు.

"కుదరకపోతే జాతకాలతోపాటు నువ్వూ పోతావు," అన్నారు రాజుగారు.

పానకాలు కూర్చుని, పంచాంగాన్ని మొదటినుంచీ మళ్ళీ ఎక్కించసాగాడు.

"తీయమంటే పెడుతున్నాడు ప్రభూ," విరూపాక్షం నవ్వాడు.

"జీలకర్ర బెల్లం దగ్గర ఆగిన పెళ్ళండీ ఇది. వేరే సంబంధం అంటే ఈ పెళ్ళి మొదలైపోయిందంటారు, విడాకులంటే పెళ్ళే కాలేదంటారు. ముందు తాళి కట్టనివ్వండి."

తొంభై శాతం దగ్గర భోజనం గంట మోగింది. రాజుగారు లేచి, అలవాటుగా ప్లగ్గు మీద చెయ్యి వేశారు.

"పీటల మీంచి లేవకండి ప్రభూ," అన్నాడు పానకాలు.

మొన్న పంచాంగాన్ని సగంలో ఆపిందెవరో సభకు తెలిసింది. అందరూ పైకప్పు చూశారు. రాజుగారు చెయ్యి తీశారు.

పంచాంగం పూర్తిగా ఎక్కింది. తీసేయమంటే ఆనవాలు లేకుండా పోయింది. చదరంగం ఎక్కింది. జాతకాలు ఎక్కడివక్కడే ఉన్నాయి.

"ఏం కావాలో కోరుకో," అన్నారు రాజుగారు.

"ఆ భోజనం గంట నా చేతికివ్వండి ప్రభూ."

సభ పగలబడి నవ్వింది. రాజుగారూ నవ్వి, గంటతోపాటు శాలువా కూడా ఇచ్చారు.

ఆ వెంటనే విరూపాక్షంతో చదరంగం ఆడి ఏడో ఎత్తులో ఓడిపోయారు. తీసేయమన్నారు. పూర్తిగా ఎక్కింది కనక నిమిషంలో పోయింది. ఏ పనీ సగంలో లేదని చూసుకుని పానకాలు గంట కొట్టాడు.