నెక్రాస్ అనే పేరు ఎలా నిలిచిందంటే

అనగా అనగా, ఎలుగుబంట్లు మనుషుల్ని వరస పెట్టి పిలిచే రోజుల్లో, రష్యా దేశంలో ఒక పెద్ద నది ఒడ్డున ఒక ఊరుండేది. ఎక్కడుందని మాత్రం అడక్కండి. ఈ కథ చెప్పేవాడు మంచుగడ్డని చూసింది సోడాబండి దగ్గర, గోనెగుడ్డ కిందే. అదీ కొనుక్కుని కాదు, పక్కన నిలబడి.

ఆ ఊళ్ళో చలి మామూలు చలి కాదు. నది గడ్డకట్టి దాని మీద బళ్ళు నడిచేవి. ఇళ్ళన్నీ దుంగలతో కట్టినవి. ఇంటి మధ్యలో రాళ్ళు పేర్చిన పొయ్యి. పొగగొట్టం ఉండేది కాదు. పొగ పోవాలంటే తలుపు తియ్యాలి. తలుపు తీస్తే చలి లోపలికొస్తుంది. పొగకి దగ్గుదామా, చలికి వణుకుదామా అని పొద్దున్నే ఆలుమగలు పోట్లాడుకునేవాళ్ళు.

ఆ ఊళ్ళో ఉలీతా అని ఒకావిడ ఉండేది. అవిసెనార వడికి గుడ్డ నేసి బతికేది. ఆవిడకి మొదట ఒక కొడుకు పుట్టాడు. వెలుగు అని అర్థం వచ్చే మంచి పేరు పెట్టుకుంది. ఆ పిల్లాడు మొదటి చలికాలం దాటలేదు. రెండో కొడుకు పుట్టాడు. పండగ అని అర్థం వచ్చే మంచి పేరు పెట్టుకుంది. వాడూ దాటలేదు. మూడోసారి కడుపుతో ఉండగా మొగుడి మీద అడవిలో చెట్టు పడింది. మూడో కొడుకు పుట్టేసరికి ఇంట్లో ఉలీతా, మంత్రసాని ఫెక్లవ్వ తప్ప ఇంకెవరూ లేరు.

"ఇంక మంచి పేర్ల జోలికి పోకే" అంది ఫెక్లవ్వ. "చావు ముసలిదానికి చెవులు పెద్దవి. మంచి పేరు వినపడితే సంచి పట్టుకుని వచ్చేస్తుంది. వీడికి నెక్రాస్ అని పెట్టు."

నెక్రాస్ అంటే వాళ్ళ పాత మాటల్లో అందం లేనివాడని అర్థం. మనకి పెంటయ్యలూ పుల్లయ్యలూ లేరూ? పుట్టిన పిల్లలు దక్కకపోతే మనం బిడ్డని చేటలో వేసి పెంటకుప్ప మీద పెట్టి, గుప్పెడు తవుడిచ్చి మళ్ళీ కొనుక్కుంటాం. అక్కడ చేటకి బదులు కిటికీ. ఫెక్లవ్వ దారినపోయే బిచ్చగాడిని పిలిచి, కిటికీలోంచి బిడ్డని వాడి చేతుల్లో పెట్టింది. పెట్టి, లోపల్నుంచి గట్టిగా అరిచింది.

"ఎవరి పిల్లాడయ్యా వాడు, అంత కురూపిగా ఉన్నాడు?"

"దారిలో దొరికాడమ్మా. మీకేమైనా కావాలా?"

"మాకెందుకూ! సరే, ఊరికే ఇస్తే ఓ మూల పడేసి ఉంచుతాం."

అలా నెక్రాస్ మళ్ళీ తల్లి ఒళ్ళోకొచ్చాడు. "ఇకమీదట ఊరంతా వీణ్ణి కురూపి అనాలి" అంది ఫెక్లవ్వ. "అందరికంటే ముందు నువ్వనాలి. తల్లి నోరు జారిందంటే ముసలిది గుమ్మంలో ఉన్నట్టే."

ఉలీతా ఒళ్ళోకి చూసుకుంది. అప్పుడే తీసిన వెన్నముద్దలా ఉన్నాడు. 'నా బంగారు తండ్రీ' అన్నమాట నోటిదాకా వచ్చింది. తలగుడ్డ కొస పళ్ళ మధ్య పెట్టి కొరికింది. "పాలు తాగరా కురూపీ" అంది.

ఊరు ఊరంతా ఆ పని మనసుపెట్టి చేసింది. అంత కలిసికట్టుగా వాళ్ళు ఇంకే పనీ చేసి ఎరగరు. "ఏరా గుడ్లగూబా, గంజి తాగావా?" అని ఒకరు. "ఒరే మాడిన రొట్టే, మా ఇంటికి రారా, తేనె పెడతాను" అని ఇంకొకరు. వాడంటే అందరికీ అంత ప్రాణం.

నెక్రాస్ మొదటి అడుగు వేశాడు. వేసి, తల్లి మోకాలు పట్టుకుని నవ్వాడు. మాట ఉలీతా నోటిదాకా వచ్చింది. తలగుడ్డ కొస కొరికింది. "పోరా కురూపీ, గంజి చల్లారుతోంది" అంది.

నెక్రాస్ పెద్దపిల్లాడయ్యాడు. అడవికెళ్ళి దోసెడు ఎర్రపళ్ళు కోసి, ఒక్కటీ తినకుండా తెచ్చి తల్లి ఒళ్ళో పోశాడు. మాట ఉలీతా నోటిదాకా వచ్చింది. తలగుడ్డ కొస కొరికింది. "పోరా కురూపీ, గంజి చల్లారుతోంది" అంది.

ఆ ఊళ్ళో అద్దమనేది లేదు. ఊరంతా ఒకే మాట అంటుంటే పిల్లాడు నమ్మక ఏం చేస్తాడు? నలుగురిలోకి వస్తే టోపీ ముక్కుదాకా లాక్కునేవాడు. మొహం ఎవరికీ కనపడకుండా చేసుకునే పని ఏముందా అని వెతికాడు. పొయ్యి కట్టే పని దొరికింది. అందులో తల ఎప్పుడూ పొయ్యిలోనే ఉంటుంది.

వాడు మొదటి పొయ్యి కట్టింది తల్లి కోసం. ఆవిడ పొగకి దగ్గుతుంటే చూడలేకపోయాడు. నది ఒడ్డు నుంచి బంకమట్టి తెచ్చి, ఇసక కలిపి కాళ్ళతో తొక్కాడు. ఇటికలు చేశాడు. గదిలో సగం పట్టేంత పొయ్యి కట్టాడు. లోపల గోడల మధ్య సందులు వదిలాడు. ఇంటికొచ్చిన చుట్టానికి ఇల్లంతా తిప్పి చూపించి సాగనంపినట్టు, పొగని ఆ సందుల్లో తిప్పి తిప్పి, దాని ఒంట్లో వేడంతా అక్కడే ఉంచేసుకుని, పైకప్పులోంచి బయటికి పంపాడు. తలుపు తియ్యక్కర్లేదు. పొయ్యి మీద పరుపేసుకుని పడుకోవచ్చు కూడా. మన పొయ్యి మీద ఎవరైనా పడుకుంటే ఆస్పత్రికి మోసుకెళ్తాం గానీ, అక్కడ ముసలివాళ్ళకీ చంటివాళ్ళకీ పక్క అదే.

మొదటి పొయ్యి కాబట్టి కొంచెం పక్కకి ఒరిగింది. ఉలీతా దాని మీద చెయ్యి వేసింది. అత్తారింటికొచ్చిన దగ్గర్నుంచీ చలికాలంలో ఆవిడ చేతులు వెచ్చగా ఉండటం అదే మొదలు. మాట నోటిదాకా వచ్చింది. తలగుడ్డ కొస కొరికింది. "పోరా కురూపీ, గంజి చల్లారుతోంది" అంది. గంజి పొగలు కక్కుతోంది. పొయ్యి మీద ఉన్న గంజి ఎలా చల్లారుతుంది? అయినా ఆవిడకి ఇంకో మాట రాలేదు.

ఆ తర్వాత "ఒరే కురూపీ, మా ఇంటికెప్పుడొస్తావురా?" అని ఊళ్ళో అందరూ పిలవడమే. పిలిచిన ప్రతి ఇంట్లోనూ కట్టాడు. కడుపునిండా క్యాబేజీ పులుసు పోస్తే చాలనేవాడు.

ఒకసారి నదికి అవతల ఊళ్ళో కట్టడానికి వెళ్ళాడు. పని అయ్యాక మొహం కడుక్కుంటుంటే ఆ ఇంటి పిల్ల, లుబావా అని, తువ్వాలు పట్టుకుని నిలబడింది.

"ఇంత అందం పెట్టుకుని మసి పూసుకు తిరుగుతావేంటయ్యా?" అంది.

ఎవరితో అంటోందా అని నెక్రాస్ వెనక్కి తిరిగి చూశాడు.

ఆ పిల్లనే చేసుకున్నాడు. పెళ్ళిభోజనాల్లో లుబావా అందరిముందూ నవ్వుతూ అనేసింది, "మా ఆయనంత అందగాడు ఈ నదికి ఏ ఒడ్డునా లేడు" అని.

చెంచాలన్నీ గిన్నెల్లో ఆగిపోయాయి. ఊరంతా దిష్టి పోవాలని ఎడమ భుజం మీంచి మూడేసిసార్లు థూ థూ థూ అని ఉమ్మింది. "పొరుగూరి పిల్ల, దానికేం తెలుసు, పాపం" అంది ఫెక్లవ్వ. కానీ అన్నమాట అన్నదే.

ఆ చలికాలం రాగానే నెక్రాస్ మట్టిబండితో నది దాటుతుంటే మంచు విరిగి నీళ్ళలో పడ్డాడు. లాగి తీసుకొచ్చారు. ఒళ్ళు కాలిపోతోంది. ఒరిగిన పొయ్యి మీద పడుకోబెట్టారు.

"నా నోటి మూలానే అత్తయ్యా" అని లుబావా ఏడ్చింది.

"ఊరుకోవే" అంది ఉలీతా. "వాడు పుట్టిన రోజునుంచీ నేను అనలేకపోయిన మాట. ఒక్కరైనా అన్నారు వాడితో."

మర్నాడు పొద్దున చావు ముసలిది రానే వచ్చింది. చేతిలో కొడవలి, భుజాన సంచి, కాళ్ళకి చెప్పుల్లేవు. మొదటి ఇంటి తలుపు కొట్టింది. అందులో మలానియా అనే వితంతువు, ముగ్గురు పిల్లలూ ఉండేవాళ్ళు.

"నెక్రాస్ అనే అందగాడి ఇల్లేదమ్మా?"

"అందగాడా! వాణ్ణి చూస్తే ఎలుగుబంటి పక్కకి తప్పుకుంటుంది. నీకెవరో తప్పు చెప్పారవ్వా" అని మలానియా తలుపేసేసింది.

రెండో ఇల్లు చేపలు పట్టే షేస్తాక్‌ది. "నా వలలో పడే ముసలి చేప మొహం వాడి మొహం కంటే నయం" అని తలుపేసేశాడు.

మూడో ఇల్లు ఫెక్లవ్వది. "వాడి మొహం అందరికంటే ముందు చూసినదాన్ని నేను. ఇప్పటికీ సరిగ్గా నిద్రపట్టదు" అని ఆవిడా తలుపేసేసింది.

ముసలిది చివరికి ఉలీతా తలుపు కొట్టింది. ఉలీతా తీసింది. కొడవలి చూసింది. సంచి చూసింది. కాళ్ళు చూసింది.

"అయ్యో, నీలంగా అయిపోయాయి కాళ్ళు. లోపలికి రా అవ్వా" అంది. కూర్చున్నంతసేపైనా ఈవిడ పొయ్యి మీదకి పోదు కదా అని ఆవిడ ఆశ. బల్ల పొయ్యికి దగ్గరగా జరిపింది. పులుసు పోసింది. ముసలిది ఒక గిన్నె తాగింది. రెండో గిన్నె తాగింది. మూడో గిన్నె కూడా తాగి మూతి తుడుచుకుంది.

"ఏడే నీ అందగాడు?"

"అందగాడెవరూ లేరవ్వా. ఒక కురూపి ఉన్నాడు" అంది ఉలీతా.

ముసలిది పకపకా నవ్వింది. "ఎప్పట్నుంచో వింటున్నానే మీ ఊరి కురూపి గోల. ఇల్లు కనుక్కోవాలని నీ కోడలన్న గుర్తు చెప్పాను గానీ, నేను అందం చూసి ఎంచుకుంటానని మీకెవరు చెప్పారు? కిందటేడు మీ ఊరిపెద్దని తీసుకెళ్ళాను. ఆయన ముక్కు చూశావా?"

ఉలీతా ఆ ముక్కు చూసే ఉంది. కాదనలేకపోయింది.

"మరి నా మొదటి ఇద్దరూ?" అని మెల్లగా అడిగింది.

ముసలిది నవ్వు ఆపింది. "నేను చలితో పాటు వస్తానమ్మా. పొగ పోవడానికి తలుపు తీసేవారే, అందులోంచి వచ్చేదాన్ని. చలికాలం వస్తే మీ ఊళ్ళో ఈ సంచి నిండిపోయేది, అంతా చంటివాళ్ళే. నీ కొడుకు పొయ్యిలు కట్టాడు. మీరు తలుపులు మూసుకున్నారు. ఇవాళ మూడిళ్ళు తిరిగొచ్చాను. చూసుకో." సంచి విప్పి చూపించింది. లోపల ఏమీ లేదు.

"అయితే ఇవాళ?"

"ఇవాళ వాడికోసమే వచ్చాను. మంచునీళ్ళలో పడ్డాడుగా. చలి ఎక్కడ పట్టిందో అక్కడ పట్టుకుపోవడమే నాకు తెలుసు." ముసలిది ఆవలించింది. "కానీ ఈ ఇంట్లో చలి ఎక్కడుందే, పట్టుకోడానికి?"

అంటూ అంటూనే పొయ్యి గోడకి వీపు ఆనించింది. పుట్టాక వెచ్చదనం ఎరగదు పాపం. గురక పెట్టింది.

ఉలీతా కట్టెలు వేస్తూనే ఉంది. లుబావా మోస్తూనే ఉంది. ఊళ్ళోవాళ్ళు చప్పుడు కాకుండా గుమ్మం దాకా తెచ్చి పెడుతూనే ఉన్నారు. పొద్దు వాలేవేళకి నెక్రాస్ నుదుటి మీద చెమట పట్టింది. జ్వరం దిగింది.

ముసలిది ఉలిక్కిపడి లేచింది. "ఎందుకొచ్చాను నేను?"

"కాళ్ళు కాచుకోడానికొచ్చావవ్వా" అంది ఉలీతా.

ముసలిది పొయ్యి మీదకి చూసింది. ఖాళీ సంచి భుజాన వేసుకుంది. "మళ్ళీ వస్తాలే. తొందరేం లేదు. ఆ తలుపేసుకోండి, వేడంతా పోతోంది" అనుకుంటూ వెళ్ళిపోయింది.

ఉలీతా తలుపేసింది. తలగుడ్డ విప్పి అవతల పెట్టింది. పొయ్యి మీదకి వంగి కొడుకు మొహం రెండు చేతుల్లోకి తీసుకుంది.

"నా బంగారు తండ్రీ" అంది. "నా అందగాడా."

నెక్రాస్ కళ్ళు తెరిచాడు. "అమ్మా, జ్వరం నాకా నీకా?"

"నోరుముయ్యరా. పుట్టినప్పుడు వెన్నముద్దలా ఉన్నావు. నిన్ను చూసి కిటికీ బయట ఆ బిచ్చగాడు కూడా కళ్ళు తుడుచుకున్నాడు."

"ఇంకా?" అన్నాడు.

"మొదటి అడుగు వేసి నవ్వావు. ఆ నవ్వు నా గుండెలో అలాగే ఉంది."

"ఇంకా?"

"పళ్ళు తెచ్చావు, ఒక్కటీ తినకుండా. ఆ చేతులు ముద్దు పెట్టుకోలేకపోయానురా."

"ఇంకా?" అన్నాడు నెక్రాస్. మీసాలొచ్చిన మగాడు, పెళ్ళైనవాడు, చంటిపిల్లాడిలా అడిగాడు. ఉలీతా చెబుతూనే ఉంది. లుబావా బయటికెళ్ళి గుమ్మంలో కూర్చుంది, వాళ్ళిద్దర్నీ వదిలేసి.

నెక్రాస్ చాలాకాలం బతికాడు. నదికి రెండు ఒడ్డుల వెంటా పొయ్యిలు కట్టాడు. టోపీ మళ్ళీ ముక్కుదాకా లాక్కోలేదు. పండు ముసలివాడై, ఒక పొద్దున పొయ్యి మీదే పోయాడు. ఆ రోజు ముసలిది కొడవలి బయటే పెట్టి వచ్చిందని చెబుతారు.

వాడు పోయిన వారంలో ఊళ్ళో ఒక మగపిల్లాడు పుట్టాడు. పేరేం పెడదామంటే ఆ తల్లి "నెక్రాస్" అంది.

"ఇంకా దేనికే భయం?" అన్నారు ముసలమ్మలు.

"భయమెందుకు?" అందా పిల్ల. వెచ్చటి పొయ్యి పక్కన ఆదమరిచి నిద్రపోతున్న బిడ్డని చూపించింది. "ఈ పొయ్యి కట్టిన ఆయన లేకపోతే వీడు ఈ చలికాలం దాటేవాడా?"

ఎలా కాదంటారు? ఆ ముసలమ్మల మనవలందరూ అలా దాటినవాళ్ళే. అంతకుముందు భయపడి పెట్టిన పేరు, ఆ రోజునుంచీ దణ్ణం పెట్టుకుని పెట్టే పేరయింది. పొయ్యిలు వెళ్ళిన ఊళ్ళకల్లా ఆ పేరూ వెళ్ళింది. అందం లేనివాడు అని పేరు పెట్టుకున్న అందగాళ్ళు నది పొడుగునా తిరిగారు.

ఇప్పటికీ ఆ నది ఒడ్డున, పిల్లాడికి నెక్రాస్ అని పేరు పెట్టే రోజున, ఊరంతా ఆ ఇంటికి వస్తుందట. ఒక్కొక్కరే ఉయ్యాల్లోకి తొంగిచూసి, "అబ్బ, ఎంత కురూపి!" అని నోరారా తిడతారట. తిట్టి, అందరూ గబగబా బయటికొచ్చి, వేడి పోకుండా తలుపు దగ్గరగా వేసేస్తారు. లోపల తల్లీ బిడ్డా మాత్రమే ఉంటారు. ఆవిడ ఏమంటుందో ఎవరూ చెవి పెట్టి వినరు. మంచులో కాళ్ళు నేలకేసి కొడుతూ, చేతులు నోటి దగ్గర పెట్టి ఊదుకుంటూ నిలబడతారు. చెవులు ఎర్రబడిపోతాయి. ముక్కులు కారిపోతాయి. ఆవిడంతట ఆవిడే తలుపు తీసేదాకా ఒక్కరూ తట్టరు.